ఎర్ర చీటీలు పడే రోజులు

జపాన్‌లో ఉన్నన్నాళ్ళూ చలికాలం వస్తోందని నాకు ముందుగా చెప్పింది వెండింగ్ మెషీన్లే. వేసవంతా అద్దం వెనకాల డబ్బాల కింద నీలం చీటీలే కనిపిస్తాయి, అన్నీ చల్లనివని. సెప్టెంబరు చివర్లోనో అక్టోబరు మొదట్లోనో ఒక పొద్దున చూసేసరికి కింది వరసలో నాలుగైదింటికి ఎర్ర చీటీలు పడి ఉంటాయి. వేడివి వచ్చాయన్నమాట. నవంబరు కల్లా ఎరుపు సగం మెషీన్‌ని ఆక్రమిస్తుంది. ఏప్రిల్‌లో మళ్ళీ ఒక్కొక్కటే నీలంలోకి మారతాయి. మా వీధి మెషీన్లో డబ్బాలు నింపడానికి వచ్చే అతనితో నాకు కాస్త భాష పట్టుబడ్డాక పరిచయమైంది. ఎర్ర చీటీ ఎప్పుడు పెట్టాలో ఎలా తెలుస్తుందని అడిగాను. చలి ఎంత ఉందన్నది కాదు, నిన్నటికీ ఇవాళ్టికీ ఎంత తగ్గిందన్నదే చూస్తామన్నాడు. ఆగస్టు మండిపోయాక వచ్చే మొదటి చల్లగాలికే జనం చేతులు వేడి డబ్బా కోసం వెతుక్కుంటాయట. అదే చలి ఏప్రిల్‌లో ఉన్నా ఎవరూ వేడిది కొనరట.

నేను టోక్యో వెళ్ళింది 1999లో. 2000 సంవత్సరం రాగానే కంప్యూటర్లు తేదీ తప్పుగా లెక్కపెడతాయన్న భయం, అదే వైటూకే, ఆ పని మీద మనవాళ్ళు చాలామంది వెళ్ళిన కాలం అది. ఎడొగావా వార్డులో నిషి కసాయ్ అనే చోట అప్పుడప్పుడే ఇండియా వాళ్ళు కుదురుకుంటున్నారు. తోజాయ్ లైన్ మెట్రో ఎక్కితే ఆఫీసులుండే ప్రాంతానికి త్వరగా చేరుకోవచ్చని అందరూ అక్కడే ఇళ్ళు తీసుకునేవారు. అన్నం సంగతి ఎలాగో సర్దుకున్నాను. ఆఫీసు కింద టీ బండి లేకపోవడం మాత్రం చాలా కష్టంగా ఉండేది. భీమవరంలో, ఆ తర్వాత హైదరాబాద్‌లో, పని మధ్యలో ఎవరో ఒకరు పేరు పెట్టి పిలిస్తే కిందికి దిగి నిలబడి మాట్లాడుకుంటూ టీ తాగడం అలవాటు. అక్కడ ఆ పిలుపే లేదు. నాకు భాష రాదు, వాళ్ళకి ఇంగ్లీషులో మాట్లాడటం మొహమాటం.

ఆ మొహమాటం పోయింది ఆ డిసెంబరు 31 రాత్రే. సర్వర్ల ముందు మా టీమంతా కాపలా ఉంది. పన్నెండు గంటలకు ఏమవుతుందోనని అందరికీ టెన్షన్. పదకొండు దాటాక మా సీనియర్ బయటికెళ్ళి కోటు జేబుల నిండా డబ్బాలు వేసుకుని వచ్చారు. పాల కాఫీ, మొక్కజొన్న సూపు, ఒషిరుకో అనే తియ్యటి ఎర్ర చిక్కుడు గింజల పాయసం, అన్నీ డబ్బాల్లోనే, అన్నీ చేతులు కాలేంత వేడిగా. అందరి బల్లల మీదా ఒక్కొక్కటి పెట్టుకుంటూ వచ్చి, నా దగ్గర ఆగి, "రావు సాన్, ఇది తియ్యగా ఉంటుంది, మీకు నచ్చుతుంది" అని కాఫీ డబ్బా నా చేతిలో పెట్టారు. ఆయనతో అంతకుముందు పని మాటలు తప్ప ఏమీ మాట్లాడలేదు. నేను టీలో చక్కెర ఎక్కువ వేసుకోవడం ఆయన ఎప్పుడో గమనించి ఉంటారు. పన్నెండు దాటింది, ఏమీ కాలేదు. అందరూ డబ్బాలు ఎత్తి పట్టుకున్నారు.

ఆ తర్వాత తెలిసింది, అది ఆయన ఒక్కరి మంచితనమే కాదని. రాత్రి పొద్దుపోయేదాకా పనిచేసే వాళ్ళకి పెద్దవాళ్ళు తాగడానికి ఏదో ఒకటి కొనిపెట్టడం అక్కడి పద్ధతి. కష్టపడుతున్నావని నోటితో పొగడరు, బల్ల మీద కాఫీ డబ్బా పెడతారు. అప్పట్లో ఒక డబ్బా 120 యెన్లు. వంద నాణెం ఒకటి, పది నాణేలు రెండు. ఆ మూడు నాణేలు జేబులో విడిగా ఉంచుకోవడం నాకూ అలవాటైంది. ఒక్కోసారి నేనూ ఎవరి బల్ల మీదో ఒకటి పెట్టేవాణ్ణి.

ఆ డబ్బా కాఫీ ఎలా పుట్టిందో కూడా మా సీనియరే చెప్పారు. కోబే నగరానికి చెందిన యూసీసీ కంపెనీ స్థాపకుడు ఉయెషిమా తదావో ఒకసారి రైల్వే స్టేషన్లో సీసాలో అమ్మే పాల కాఫీ కొనుక్కుని తాగుతున్నారు. ఇంతలో రైలు కదిలే వేళైంది. ఖాళీ సీసా దుకాణంలో తిరిగి ఇచ్చేయాలి కాబట్టి సగం కాఫీ అక్కడే వదిలేసి రైలెక్కారు. ఆ వదిలేసిన కాఫీ ఆయన మనసులోంచి పోలేదు. వెంట తీసుకెళ్ళగలిగే కాఫీ ఉండాలనుకున్నారు. 1969లో పాలు కలిపిన కాఫీ డబ్బా తెచ్చారు. మరుసటేడు ఒసాకాలో ప్రపంచ ప్రదర్శన జరిగినప్పుడు అది జనానికి బాగా అలవాటైంది. 1973లో నాగోయా కంపెనీ పొక్కా ఒకే మెషీన్లో వేడివీ చల్లనివీ రెండూ అమ్మే ఏర్పాటు చేసింది. ఆ తర్వాత 1975లో కోకాకోలా వాళ్ళ జార్జియా, 1992లో సంతోరీ వాళ్ళ బాస్ వచ్చాయి. నేనక్కడ ఉండగానే, 2002లో, అసాహీ వాళ్ళు వండా పేరుతో పొద్దున పూట తాగడానికే ప్రత్యేకంగా ఒక ఎర్ర డబ్బా తెచ్చారు. డబ్బా కాఫీ తాగేవాళ్ళలో ఎక్కువమంది పనిలోకి దిగే ముందే తాగుతారని గమనించి చేసిన పని అది. రుచి కన్నా ముందు తాగే గంటను ఆలోచించి ఒక పానీయం తయారు చేయడం నాకు ఎంతో గౌరవం కలిగించింది. లారీ డ్రైవరు, మేస్త్రీ, సేల్స్ కుర్రాడు ఆ గంటలో ఎక్కడుంటారు, చేతిలో ఏముంటుంది, ఎంత తీపి కావాలి అని ఎవరో కూర్చుని ఆలోచించారు కదా.

ఆ మెషీన్ల పనితనం చూస్తే ఇంజనీరుగా నాకు ముచ్చటేసేది. చల్లనివి 5 డిగ్రీల దగ్గర, వేడివి 55 దగ్గర, మధ్యలో ఒక పలచటి గోడ. చల్లబరిచేటప్పుడు బయటికి పోయే వేడిని పక్క అరలోకి మళ్ళించి కాఫీ వేడి చేసే రకాలు తర్వాత వచ్చాయి. లోపలున్న డబ్బాలన్నిటినీ కాకుండా త్వరలో అమ్ముడుపోయే కింది వాటినే చల్లబరిచేవి. వేసవి మధ్యాహ్నాల్లో కరెంటుకు గిరాకీ ఎక్కువ కాబట్టి, పొద్దున్నే బాగా చల్లబరిచేసి ఒంటిగంట నుంచి నాలుగు దాకా కంప్రెసర్ ఆపేసే మెషీన్లు 1995 నుంచే ఉన్నాయి. 2000లో దేశంలో టికెట్లవీ సిగరెట్లవీ అన్నీ కలిపి వెండింగ్ మెషీన్లు 56 లక్షల దాకా ఉండేవి. జనాభా లెక్కన చూస్తే 23 మందికి ఒకటి. పొలాల మధ్య దారిలో, గుడి మెట్ల దగ్గర, ఎక్కడ చూసినా ఒకటి వెలుగుతూ ఉండేది. అద్దం పగలగొట్టినవి గానీ నాణేలు మింగేసినవి గానీ నాకెప్పుడూ ఎదురు కాలేదు.

పాలూ చక్కెరా లేని టీ దగ్గరికి రావడానికి నాకు చాలా కాలం పట్టింది. హోటల్లో కూర్చోగానే మంచినీళ్ళ బదులు పచ్చ టీ పెడతారు, దానికి డబ్బులుండవు. ఇంట్లోనూ అంతే. ఊరికే దొరికే దాన్ని డబ్బాలో పెట్టి అమ్మితే ఎవరు కొంటారని మొదట్లో అందరూ అన్నారట. ఇటోఎన్ కంపెనీ అయినా వదల్లేదు. అసలు చిక్కు గిరాకీ కాదు, టీయే. వేడి చేసి డబ్బాలో మూస్తే పచ్చ టీ గాలి తగిలి గోధుమ రంగుకి తిరుగుతుంది, ఉడకబెట్టిన చిలగడదుంప వాసన వస్తుంది. డబ్బా మూసే ముందు నైట్రోజన్ ఊది లోపలున్న ఆక్సిజన్‌ని తరిమేసే పద్ధతి కనిపెట్టి 1985లో మార్కెట్లోకి తెచ్చారు. 1989లో దానికి ఒయ్ ఒచా అని పేరు మార్చాక అది ఇంటింటి మాటైపోయింది. అర లీటరు ప్లాస్టిక్ సీసాలు వచ్చింది 1996లో. చెత్త పెరుగుతుందని అప్పటిదాకా లీటరు కన్నా చిన్న సీసాలు చేయకూడదని కంపెనీలే తమకు తాము కట్టుబాటు పెట్టుకున్నాయి. 2000లో వేడిగా అమ్మగలిగే సీసా కూడా వచ్చింది, నారింజ రంగు మూతతో. ఆ చలికాలం నారింజ మూత సీసా లేకుండా స్టేషన్లో నిలబడ్డ మనిషి కనిపించలేదు.

నేను జపనీస్ చదవడం నేర్చుకున్నది ఆ టీ సీసాల మీదే. 1989 నుంచి ఇటోఎన్ వాళ్ళు హైకూ పోటీ పెట్టి, ఎంపికైన వాటిని సీసా మీద అచ్చేస్తున్నారు. రాసినవాళ్ళ పేరూ వయసూ కింద ఉంటాయి. బడిపిల్లలవీ ఉంటాయి, ఎనభై ఏళ్ళ అవ్వలవీ ఉంటాయి. మూడే ముక్కలు కాబట్టి నాలాంటివాడు కూడా రైల్లో కూర్చుని ఒక్కో అక్షరం కూడబలుక్కోవచ్చు. రాని అక్షరాన్ని పొద్దున మా సీనియర్‌కి చూపిస్తే ఆయన చెప్పేవారు. ఒక్కోసారి ఆ హైకూ గురించే పావుగంట మాట్లాడేవారు. ఆయనకి కవిత్వమంటే ఇష్టమని అలా తెలిసింది. నెమ్మదిగా సీసాలో ఉన్నదీ నచ్చింది. ముందు చేదు తగిలి, మింగాక నాలుక చివర ఒక చిన్న తీపి మిగులుతుంది. ఆ తీపి ఒకసారి తెలిశాక చక్కెర అక్కర్లేదు.

ఆఫీసు పార్టీల్లో మద్యం తప్పదేమోనని మొదట భయపడ్డాను. కూర్చోగానే అందరూ ముందు బీరు చెప్తారు. నేను ఊలాంగ్ టీ అన్నాను, ఎవరూ మారుమాట అనలేదు. తాగనివాళ్ళు ఊలాంగ్ తీసుకోవడం అక్కడ మామూలే. ఆ బల్ల దగ్గర నాకు బాగా నచ్చింది ఎవరి గ్లాసు వాళ్ళు నింపుకోకపోవడం. పక్కవాళ్ళ గ్లాసు ఖాళీ అవుతోందా అని చూస్తూ ఉండాలి, నింపాలి. నీది వాళ్ళు నింపుతారు. నా ఊలాంగ్‌నీ అంతే శ్రద్ధగా నింపేవారు. బీరు విషయంలో కంపెనీలకీ పన్నులవాళ్ళకీ నడిచిన పోరు మాత్రం పెద్ద కథ. పన్ను బీరులో మాల్ట్, అంటే మొలకెత్తించిన బార్లీ, ఎంత శాతం ఉందన్న దాన్ని బట్టి కాబట్టి 1994లో మాల్ట్ తగ్గించి చవక రకం తెచ్చారు. దాని మీద పన్ను పెంచితే మాల్ట్ ఇంకా తగ్గించారు. 2004లో బఠాణీ ప్రొటీన్‌తో అసలు మాల్టే లేనిది దేశమంతా అమ్మారు. చివరికి 2026 అక్టోబరు నుంచి అన్నిటికీ ఒకే పన్ను ఉండేలా చట్టం చేశారు. నేను తాగను కాబట్టి రుచుల తేడా చెప్పలేను.

పెళ్ళయ్యాక మా ఆవిడ వచ్చింది. ఇంటికి కావలసిన రుచులు ఆమెకి నేర్పింది పక్కింటి ముసలావిడ. మేం ఆవిణ్ణి ఒబాసాన్ అనేవాళ్ళం. జూన్ వానలు మొదలవగానే ముగిచా కాచి ఫ్రిజ్‌లో పెట్టుకునేది. బాగా వేయించిన బార్లీ గింజల కషాయం అది, కెఫీన్ ఉండదు, పసిపిల్లల నుంచి పెద్దవాళ్ళ దాకా వేసవంతా తాగుతారు. మనకి బార్లీ నీళ్ళంటే జ్వరం, మూత్రంలో మంట గుర్తొస్తాయి కదా. మా ఆవిడ మొదటిసారి ఆ జగ్గు చూసి ఇంట్లో ఎవరికి బాగాలేదని కంగారుపడింది. ఆ తర్వాత మా ఫ్రిజ్‌లోనూ ఒక జగ్గు చేరింది. ఒబాసాన్‌కి ఎండాకాలంలో ఎవరో బంధువులు కల్పిస్ సీసాలు కానుకగా పంపేవారు. మంగోలియా వెళ్ళినప్పుడు అక్కడి పులిసిన పాలు తాగి కోలుకున్న మిషిమా కైయున్ అనే ఆయన 1919 జూలై 7న దాన్ని మొదలుపెట్టారు. ఆ రోజు వాళ్ళకి నక్షత్రాల పండుగ, అందుకే సీసాకి చుట్టే కాగితం మీద చుక్కలు వేశారు. చిక్కటి పాకంలా ఉంటుంది, నీళ్ళు పోసి పలచన చేసుకోవాలి. చక్కెర కలిపిన పలచటి మజ్జిగ తాగినట్టే ఉంటుంది. మా ఆవిడ దాన్ని ఒక్క గుక్కలో తాగేసి ఇంకో గ్లాసు అడిగిన మధ్యాహ్నం ఒబాసాన్ ఎంత సంతోషపడిందో నాకు బాగా గుర్తుంది.

ఆవిడ దగ్గరికి యాకుల్ట్ అనే పులియబెట్టిన పాల పానీయం అమ్మే ఆమె కూడా వచ్చేది, నీలం యూనిఫాం, వెనక పెద్ద పెట్టె. 1963 నుంచి ఈ ఆడవాళ్ళు ఇల్లిల్లూ తిరిగి ఆ చిన్న సీసాలు అమ్ముతున్నారు. ఒంటరిగా ఉండే ముసలివాళ్ళని పలకరించి, బాగున్నారో లేదో చూసి వెళ్ళడం 1972లో ఫుకుషిమా రాష్ట్రంలోని కోరియామాలో ఒకామె మొదలుపెట్టిందట, తర్వాత దేశమంతటా పాకింది. ఒబాసాన్ తలుపు దగ్గర ఆమె ఎప్పుడూ పది నిమిషాలైనా ఆగేది. సీసా ఇవ్వడానికి అర నిమిషం చాలు.

వేసవి పండుగలో ఒకసారి దుకాణం ముందు నీళ్ళ తొట్టిలో ఐసు మధ్య గోలీ సోడాలు చూసి నేనూ మా ఆవిడా ఇద్దరం తెలుగులోనే అరిచాం. వాళ్ళు రామునె అంటారు. సీసా మాత్రం అదే, గొంతు దగ్గర నొక్కులు, లోపల గాజు గోలీ. ఇంగ్లండులో హైరమ్ కాడ్ 1872లో పేటెంట్ తీసుకున్న సీసా అది. అది పుట్టిన చోట ఎప్పుడో మాయమైంది, మన దగ్గరా జపాన్‌లోనూ బతికింది. అక్కడ బతకడానికి ఒక కారణం ఉంది. పెద్ద కంపెనీలు ఆ జోలికి పోకుండా రామునెను చిన్న తయారీదార్లకే వదిలేశారు. భీమవరంలో సోడా బండి ఆయన బొటనవేలితో ఒక్క పోటు పొడిస్తే గోలీ దిగేది. అక్కడ మూతతో పాటు ప్లాస్టిక్ పుల్ల ఇస్తారు. నేను పుల్ల వాడకుండా వేలితోనే దించితే చుట్టూ ఉన్న పిల్లలు చప్పట్లు కొట్టారు.

2011 మార్చి 11 నాటికి మా అమ్మాయికి ఏడాది నిండలేదు. ఆ రోజు వచ్చిన భూకంపం తర్వాత మొదట ఖాళీ అయింది నీళ్ళ సీసాల అర. సునామీకి ఫుకుషిమా అణు విద్యుత్ కేంద్రం కూడా దెబ్బతింది. 23న టోక్యో ప్రభుత్వం ప్రకటించింది, కనమాచి నీటి శుద్ధి కేంద్రంలో రేడియోధార్మిక అయోడిన్ కిలోకి 210 బెకరెల్ ఉందని, పసిపిల్లలకి హద్దు 100 అని, ఏడాది లోపు పిల్లలకి కుళాయి నీళ్ళు పట్టొద్దని. మా ఇంటికి వచ్చేది ఆ నీళ్ళే. ఆ సాయంత్రం ఏ దుకాణంలోనూ ఒక్క సీసా లేదు. వీధి మెషీన్లలో నీళ్ళ బొమ్మల కింద అన్నీ అమ్ముడైపోయాయన్న ఎర్ర దీపాలే. పాలపొడి కలపడానికి ఏం చేయాలో తోచక మా ఆవిడ ఏడుస్తోంది. తలుపు చప్పుడైంది. ఒబాసాన్ రెండు లీటర్ల సీసా రెండు చేతులతో పట్టుకుని నిలబడి ఉంది. భూకంపాలకని దాచుకున్నదట. మేం వద్దంటే, "నేను ముసలిదాన్ని, కుళాయి నీళ్ళు నన్నేం చేస్తాయి" అంది. మర్నాటి నుంచి వార్డు ఆఫీసు పసిపిల్లలున్న ఇళ్ళకి 550 మిల్లీలీటర్ల సీసాలు మూడేసి పంచింది. అన్ని వార్డులూ ఊళ్ళూ కలిపి అలా 80 వేల మంది పిల్లలకి ఇచ్చారు. ఆ రోజే అయోడిన్ 79కి తగ్గింది, ఆంక్ష ఎత్తేశారు.

తర్వాత కొన్ని వారాలు దుకాణాల్లో నీళ్ళ సీసాలన్నీ తెల్ల మూతలతోనే వచ్చాయి. మూతలు చేసే ఫ్యాక్టరీలు భూకంపంలో దెబ్బతిన్నాయి. రంగులూ పేర్లూ అచ్చేస్తూ కూర్చుంటే సీసాలు చాలినన్ని తయారు కావని, పోటీ కంపెనీలన్నీ కలిసి ఒకే రకం అచ్చులేని తెల్ల మూతకి ఒప్పుకున్నాయి. జపాన్ పానీయాల పరిశ్రమ గురించి ఎవరైనా నన్నడిగితే అన్నిటికన్నా ముందు నేను ఆ తెల్ల మూతల గురించే చెప్తాను. కరెంటు పొదుపు కోసం మెషీన్ల దీపాలూ ఆర్పేశారు. చీకట్లో దగ్గరికి వెళ్ళి చూస్తే తప్ప ఏది ఎరుపో ఏది నీలమో తెలిసేది కాదు.

మేం ఆ తర్వాత ఏడాది తిరిగి వచ్చేశాం. 2018లో పని మీద వెళ్తే చాలా మారిపోయింది. సెవెన్ ఇలెవెన్ దుకాణాల్లో 2013లో వంద యెన్లకే అప్పటికప్పుడు దంచి కాఫీ ఇవ్వడం మొదలుపెట్టారు, డబ్బా కాఫీకి గిరాకీ పడిపోయింది. కుర్రాళ్ళు బల్ల మీద పారదర్శకమైన సీసాలో కాఫీ పెట్టుకుని రోజంతా కొంచెం కొంచెం తాగుతున్నారు. బాస్ వాళ్ళే 2017లో అలాంటిది తెచ్చారు. డబ్బాలు నింపడానికి మనుషులు దొరకడం లేదని మెషీన్లూ తగ్గుతున్నాయి, ఇప్పుడు పానీయాలవి దాదాపు 22 లక్షలు. చిన్న డబ్బా అయితే మూత తీశాక తాగేదాకా పక్కవాళ్ళతో నిలబడి మాట్లాడాల్సిందే. మూత మళ్ళీ బిగించుకునే సీసాతో ఆ పని ఉండదు. ఆ మార్పు నాకు నచ్చలేదు. అక్కడి కుర్రాళ్ళకి ఏమీ పోయినట్టు లేదు, వాళ్ళ ఆఫీసు వాళ్ళది.

మా సీనియర్ రిటైరయ్యారు. కొత్త సంవత్సరానికి ఫోన్ చేస్తుంటారు. ఏటా ఆ టీ సీసాల పోటీకి హైకూ పంపుతారట, లక్షల్లో వస్తాయి కాబట్టి ఇంకా ఎంపిక కాలేదట. ఈసారి పంపింది దేని మీద అని అడిగాను. చెప్పనన్నారు, అచ్చయ్యాక సీసా పంపిస్తాను, కూడబలుక్కుని చదువుకోమన్నారు.